తలుపు బాదే వేషం

హార్లెమ్, 1969

ఫెమ్మా,

నీ పుట్టినరోజుకి నేను రాను. పోయినేడు గుండ్రంగా కుర్చీలేసుకుని, తలా ఒక బిస్కెట్టుతో కాఫీ తాగుతుంటే మీ ఆయన డౌవె, "బావా, సినిమాలో జర్మన్ పోలీసువై తలుపు బాదావే, అదొక్కసారి కానియ్యి!" అన్నాడు. సిగ్గులేక బాదాను. చుట్టాలంతా పగలబడి నవ్వారు. అమ్మ కప్పు పక్కన పెట్టి వంటింట్లోకి వెళ్లిపోయింది.

మూడు సినిమాలు చేశాను, మూడింట్లోనూ అదే పోలీసు. "ఈ బాదుడు ఎక్కడ నేర్చావయ్యా?" అని దర్శకుడు మెచ్చుకుంటే పళ్లికిలించాను, థూ! నాలుగోది చెయ్యనని నిన్ననే చెప్పేశాను.

యుద్ధంలో మన దేశం జర్మన్ల చేతిలో ఉన్నప్పుడు, వాళ్ల పోలీసులు నాన్నను పట్టుకుపోయిననాడు నువ్వు ఉయ్యాల్లో ఉన్నావు. నాకు ఆరేళ్లు. ఆ బాదుడు నేను తలుపుకి ఇవతల నిలబడి నేర్చుకున్నాను. గడియ తీసింది నేనే. తనే తీశానని అమ్మ ఇప్పటికీ అందరికీ చెబుతుంది.

నీ అన్న