ఫిల్టర్ మీది కవర్

అక్కా,

ఫోన్‌లో చెబితే నా మాట పూర్తికాకుండానే పెట్టేస్తావని ఉత్తరం రాస్తున్నాను. తిట్టాలనిపిస్తే తిట్టు కానీ, సగంలో చింపెయ్యకు.

మన పిల్లి దొడ్డికి పెట్టిన తొట్టెలో ఇసుక దుమ్ముకి దగ్గొస్తోందని, గాలి శుభ్రం చేసే ఆ ఎయిర్ ప్యూరిఫైయర్ మిషన్ నువ్వే కొన్నావు. బిగించింది నేను. అయినా నీ దగ్గు తగ్గకపోతే, "మిషన్ తిరుగుతూనే ఉందిగా, అంతా నీ అనుమానం" అన్నాను. మర్నాడే నువ్వు హాస్టల్‌కి వెళ్ళిపోయావు.

పోయిన వారం తుడుద్దామని దాని మూత తీశాను. ఫిల్టర్‌కి చుట్టి ఇచ్చిన ప్లాస్టిక్ కవర్ అలాగే ఉంది! ఇన్ని నెలలూ పాపం ఊరికే తిరిగింది. నా తెలివి తెల్లారినట్టే ఉంది. అనుమానం నీది కాదక్కా, తప్పు నాది.

కవర్ తీసేశాను. దుమ్ము రేగని ఇసుక తెచ్చాను. ఇప్పుడు అల్మారా మీద వేలితో గీస్తే గీత పడటం లేదు.

పొద్దున్నే నువ్వు పౌడర్ వేసుకుంటుంటే ఆ దుమ్ముకి మిషన్ ఎర్రలైటు వెలిగించి హోరెత్తేది, గుర్తుందా? నువ్వు మర్చిపోయిన ఆ డబ్బాని ఇవాళ పొద్దున అద్దం ముందు ఒక్కసారి దులిపాను. మిషన్ హోరుకి మంచం కింద నుంచి పిల్లి పరిగెత్తుకొచ్చింది. అద్దం ముందు వెతికింది. గదులన్నీ తిరిగింది. చివరికి వెళ్ళి గుమ్మంలో కూర్చుంది.

సాయంత్రమైంది, ఇంకా లేవలేదు. దాని పక్కనే కూర్చుని ఇది రాస్తున్నాను.

నీ చెల్లి