బియ్యంలా కడిగిన ఇసుక

రాజమండ్రి, జనవరి 2008
మంగళవారం రాత్రి

ఈ సాయంత్రం నుంచి ఒక్కసారి కూడా ఆయాసం రాలేదు. ఈ మాట రాయాలన్నా భయమే, దిష్టి తగులుతుందేమోనని.

మా పిల్లి చిట్టి దొడ్డికి వెళ్లే తొట్టెలో ఇన్నాళ్లూ గిన్నెలు తోముకునే ఊకబూడిదే పోశాను, వాసన లాగేస్తుంది కదా అని. అది గోకినప్పుడల్లా ఇల్లంతా దుమ్ము. నా ఉబ్బసం చూసి డాక్టరుగారు పిల్లిని ఎవరికైనా ఇచ్చెయ్యమన్నారు. ఇవ్వలేక, మా ఆయన చేత గాలి శుభ్రం చేసే మిషన్ కొనిపించి తొట్టె పక్కన పెట్టాను. వారం తిరక్కుండానే ఫిల్టరు మూసుకుపోయింది.

పిల్లులంటే గిట్టని అత్తయ్యగారు నిన్న అది చూసి, "నువ్వు బూడిద పోస్తుంటే మిషనేం చేస్తుందమ్మాయ్, పాపం!" అన్నారు.

ఇవాళ నేను స్కూలు నుంచి వచ్చేసరికి గోదావరి ముతక ఇసుక తెప్పించి, జల్లించి, బియ్యం కడిగినట్టు నీళ్లు తేటపడేదాకా కడిగి, డాబా మీద ఆరబోశారు. ఆ మోకాళ్ల నొప్పులతో మెట్లెక్కి! సాయంత్రం చిట్టి ఆ ఇసుకని ఎంత గోకినా దుమ్ము లేవలేదు.

"మీకిదంటే ఇష్టం లేదు కదండీ?" అన్నాను.

"దాని కోసమా ఏంటి? అది పోతే నువ్వు అన్నం మానేస్తావు."

శుక్రవారం డాక్టరుగారు ఏమంటారో తెలీదు. చిట్టి ఇప్పుడు అత్తయ్యగారి పాదాల మీద పడుకుని ఉంది. కాళ్లు తిమ్మిరెక్కాయని గొణుగుతున్నారు గానీ, కదపడం లేదు.