తాళి ముందా, సంతకం ముందా

నెల్లితోపు, పుదుచ్చేరి
24-1-1963, గురువారం

కోసపాళయంలో కాపురముంటున్న శ్రీ నటేశ నాయుడుగారికి ఆండాళమ్మ నమస్కరించి రాయునది. ఆడది మొగుడి పేరు రాయకూడదంటారు. రాశాను. పెద్దలు నేర్పిన నమస్కారమూ రాశాను. అది పద్ధతికి పెట్టిన నమస్కారం, మీకు పెట్టింది అనుకోవద్దు. ఇక్కడ నేను, మీ కూతురు వరలక్ష్మి, రెండు గేదెలు క్షేమం. మీ క్షేమం నేను అడక్కపోయినా మీ అక్క రోజూ చెప్పిపోతూనే ఉంది.

నాలుగు రోజులుగా మంచు బాగా పడుతోంది. పొద్దున ఏడింటికి కూడా వీధి చివర కనబడడం లేదు. తడిగడ్డి తింటే గేదెలకు పొట్ట ఉబ్బుతుందని ఎండ వచ్చేదాకా మేత వేయలేదు. పాలు పితికి, ఎనిమిది ఇళ్ళకు పోసి వచ్చి, పేడ ఎత్తి, పెళ్ళి బియ్యం ముందేసుకుని కూర్చున్నాను. ఒక మూట చెరిగి నూకలు తీశాను. ఇంకా రెండు మూటలున్నాయి. ఆ పని మధ్యలో సెంగమలం వదిన వచ్చి మీ మాట చెప్పిపోయింది. చేతులు కడుక్కుని ఇది రాస్తున్నాను. తెలుగు అక్షరాలు మన రెండిళ్ళలో మీకూ నాకూ తప్ప ఎవరికీ రావు. వదిన ఉత్తరం మోస్తుంది గాని చదవలేదు. వరలక్ష్మి చదివింది ఫ్రెంచి బళ్ళో. కాబట్టి మర్యాద కోసం ఏ మాటా తగ్గించి రాయను.

వదిన తెచ్చిన మాట ఇది. "సంతకం ముందు, తాళి తరవాత అంటాండాడు తమ్ముడు. కాదంటే పందిట్లోకే రాడంట. నాకేంది, విన్నది చెప్పినా. నువ్వు నా మీద అరవొద్దు తల్లీ." ఆమె మీద అరవలేదు. ఆ మాట మీది.

మీరు ఎందుకు ఆ మాట అన్నారో నాకు తెలుసు. ఫిబ్రవరి పదహారు లోపల రాసి ఇచ్చినవాళ్ళు ఫ్రెంచివాళ్ళుగా ఉంటారు, ఇవ్వనివాళ్ళు ఇండియావాళ్ళవుతారు. తండ్రి రాసి ఇస్తే, పద్దెనిమిది నిండని పెళ్ళికాని పిల్లలు ఆయనతో పాటే. వరలక్ష్మికి పదిహేడున్నర. మీరు సంతకం పెట్టే రోజుకు దాని మెడలో తాళి ఉంటే మీ సంతకం మీ ఒక్కరికే. లేకపోతే దానికి కూడా. ఆ తరవాత దాన్ని ఓడ ఎక్కించి, మార్సెయిల్లో ఉన్న మీ పటాలం స్నేహితుడి కొడుక్కి కట్టబెడతారు. అతని ఫోటో వదిన నాకు చూపించింది. కోటు బాగుంది.

పెళ్ళివారు వాళ్ళ మాట ముందే చెప్పారు. వీర్రాజు పబ్లిక్ వర్క్సులో గుమాస్తా. సంబంధం మాట్లాడింది అతని మేనమామ రామభద్రరావుగారు. యానాం నుంచి ఇక్కడికి ఉద్యోగానికి వచ్చి ఏడేళ్ళయింది. ఆయన మన అరుగు మీద కూర్చుని మెత్తగా అన్నాడు. "అమ్మా, పిల్ల మాకు నచ్చిందండి. కాని పరాయి దేశం కాగితం ఉన్న పిల్లయితే మావాడి ఉద్యోగానికి ఏం చిక్కొస్తుందో మాకు తెలీదండి. అలాగైతే మేం తప్పుకుంటామండి. మరోలా అనుకోవద్దు." మీరు సంతకం పెట్టిన మర్నాడు ఈ సంబంధం పోతుంది. అది తెలిసే మీరు సంతకం ముందంటున్నారు.

ముహూర్తం మారదు. ఫిబ్రవరి పది, ఆదివారం, పొద్దున తొమ్మిది లోపల. మీరు వద్దన్నవాటిలో ఏవి జరుగుతున్నాయో కూడా రాస్తాను, పందిట్లోకి వచ్చి కొత్తగా విన్నట్టు కేకలు వేయకుండా.

శుభలేఖలు అచ్చుకు ఇచ్చాను. తెలుగులో యాభై పెళ్ళివారికి, అరవంలో నూరు మనవాళ్ళకి. మీ పేరే ముందుంది. పేరు కింద ఫ్రెంచి సైన్యంలో చేసి రిటైరయినట్టు వేయమన్నారట. వేయించలేదు. పెళ్ళి పిలుపులో పింఛను సంగతి ఎవరిక్కావాలి?

వంటకు మాడసామిని పెట్టాను. సాంబారు లేని పెళ్ళి తన చేత్తో వండలేనన్నాడు. రామభద్రరావుగారి భార్య తాయారమ్మేమో పప్పు వేరే ఉండాలి, పులుసు వేరే ఉండాలి, రెండూ కలిపేస్తే మావాళ్ళు విస్తరి ముందునుంచి లేచిపోతారంది. ఇద్దరినీ పక్కపక్కన కూర్చోబెట్టాను. ఒకరి మాట ఒకరికి సగమే అర్థమైంది కాబట్టి తగువు పెరగలేదు. మూడూ వండమన్నాను. మాంసం వాసన లేని విందు విందేనా అని మీరు అన్నారట. పటాలంలో తినండి.

తాళి దగ్గర అసలు పేచీ వచ్చింది. యానాంవాళ్ళకు రెండు సూత్రాలు. ఒకటి పుట్టింటిది, ఒకటి అత్తింటిది, రెండూ ఒక తాడుకే. మన ఇళ్ళలో ఒకటే. వదిన ఇది విని నలుగురి ముందు బుగ్గ నొక్కుకుంది. "ఒక మెడకి రెండేంది? ఇద్దురు మొగుళ్ళా?" తాయారమ్మ ముఖం ఎర్రబడింది. వరలక్ష్మి లోపలికి పోయి నవ్వింది. ఈ నెలంతా అది నవ్వింది ఆ ఒక్కసారే. పుట్టింటి సూత్రం తండ్రి చేయించాలి. మీకు కబురు పెట్టాను. సంతకం అయ్యాక చేయిస్తానన్నారు. అక్కర్లేదు. నా కమ్మలు కరిగించి చేయించాను. చెవులకు వేపపుల్లలు పెట్టుకున్నాను. పాలు పోసే ఇళ్ళలో ఎవరూ అడగలేదు. ఒక్క వీధి చివరి ముసలాయన అడిగాడు. దురద అన్నాను.

కన్యాదానం పీట సంగతి. మీరు వస్తే కూర్చోండి. నా పక్కన కూర్చోవాలి, అది నాకూ ఇష్టం లేదు, గంటసేపు ఓర్చుకుంటాను. రాకపోతే మా అన్నా వదినా కూర్చుంటారు. వాళ్ళకు చెప్పే ఉంచాను. నన్ను పీట పేరు చెప్పి బెదిరించవద్దు. మీరు లేకుండా ఆ పిల్ల పుట్టింది, నడిచింది, దానికి అమ్మవారు పోసి తగ్గింది. ఎనిమిదేళ్ళు మీరు పటాలంలో ఉన్నారు. తిరిగి వచ్చిన మూడేళ్ళకు ఓడ ఎక్కుదాం రమ్మన్నారు. గేదెలు, పిల్ల, అన్నగారి పొలం పక్కన నా ఎకరం వదిలి ఎక్కడికి రావాలి? రానన్నాను. పెట్టె ఎత్తుకుని కోసపాళయం పోయారు. పోయినవారు ఓడ కూడా ఎక్కలేదు. మైలు దూరంలో కూర్చుని అక్క చేత కబుర్లు పంపుతున్నారు. ఇంత దగ్గరికి పోవడానికి అంత పెట్టె ఎందుకు కట్టారో ఇప్పటికీ నాకు అర్థం కాలేదు.

ఇంకొకటి. వరలక్ష్మి జనన పత్రం కోసం మేరీ ఆఫీసుకు మీరు మనిషిని పంపారని, ఆ రోజు సెలవని అతను తిరిగి వచ్చాడని వదిన చెప్పింది. పుట్టుకలూ చావులూ రాసే ఆఫీసులో మీకిప్పుడేం పని? పెళ్ళికి కావలసిన కాగితాలు నేను తెస్తాను. మళ్ళీ మనిషిని పంపవద్దు. పంపితే నేను కోసపాళయం వచ్చి మీ వాకిట్లో నిలబడతాను. నేను మెల్లగా మాట్లాడనని మీ ఇరుగుపొరుగుకు తెలుసు.

వదిన వెళ్ళాక వరలక్ష్మి చేట పక్కన పెట్టి నన్ను అడిగింది. "ఈయన కబురు పెడతాడు, నువ్వు జాబు రాస్తావు. పెళ్ళి నాదని ఇద్దురిలో ఎవురైనా యాడైనా రాశారా?" బియ్యం చెరగమన్నాను. చెరిగింది. వీర్రాజు దానికి నచ్చాడు. ఆ సంగతి నోటితో చెప్పలేదు. అతను వచ్చిన రోజు గేదెలకు రెండుసార్లు కుడితి పెట్టింది.

కాబట్టి చివరి మాట. పదో తారీకు దాకా కలం పట్టవద్దు. పదకొండున పట్టండి, పన్నెండున పట్టండి, మీరు ఏ దేశం మనిషైనా నాకు ఒకటే. అంతకు ముందు పడితే పందిట్లో అడుగు పెట్టనివ్వను. మీ అన్నదమ్ములు ఎంతమంది వచ్చినా సరే.

ఇట్లు,
మీ ఇంటిపేరు ఇంకా మోస్తున్న
ఆండాళమ్మ

తా.క.
1-2-63, శుక్రవారం

వదినకు జ్వరం వచ్చి వారం రోజులు ఇటు రాలేదు. ఉత్తరం ఇక్కడే ఉండిపోయింది. పైన రాసినది ఇప్పుడు దేనికీ పనికిరాదు. అయినా చింపలేదు. అందులో కోపమంతా నిజమే. జనన పత్రం గురించి రాసిన నాలుగు ముక్కలు మాత్రం నేను దాచినదాన్ని ఇంకా దాచడానికి రాసినవి. అది ఇప్పుడు రాస్తాను.

మన మొదటి బిడ్డ పుట్టిన ఏడో నెలలో మా ఊళ్ళో పోయింది. అప్పుడు అది ఇంగ్లీషువాళ్ళ ఎల్ల. మీరు వచ్చారు, మట్టి వేశారు, తిరిగి వెళ్ళారు. పుట్టుక ఇక్కడ మేరీలో మీరే రాయించారు. చావు రాయించామా లేదా అని మీరు అడగలేదు, మా అన్న చూసుకున్నాడనుకున్నారు. ఎవరూ రాయించలేదు. మీరు పటాలంతో వెళ్ళేటప్పుడు రెండోది నా కడుపులో ఉంది. పుట్టాక, పోయినదాని పేరే పెట్టాలని మీ అమ్మ పట్టుబట్టింది. మేరీలో రాయించమని మీరు ఉత్తరం రాశారు. రాయించానని జవాబు ఇచ్చాను.

రాయించలేదు. పిల్లను ఎత్తుకుని వెళ్ళిన మాట నిజం. గుమాస్తా పుస్తకం తిప్పి, ఇదే తల్లికీ తండ్రికీ వరలక్ష్మి అని రెండేళ్ళ పిల్ల ఉందే, ఆ పిల్ల ఏమైందని అడిగాడు. చచ్చిపోయిందని చెబితే రెండూ రాసేవాడు. నా నోట ఆ మాట రాలేదు. రేపు వస్తానని చెప్పి వచ్చేశాను. మళ్ళీ పోలేదు. బళ్ళో నేను చెప్పిన వయసు రాసుకున్నారు. మేరీ పుస్తకంలో ఉన్నది పోయిన పిల్ల ఒక్కతే. అక్కడ ఆమె ఇంకా బతికే ఉంది.

మీరు ఈ పిల్ల పేరున సంతకం పెట్టాలంటే ఆ జనన పత్రం మీ చేతికి రావాలి. రాకూడదనే పదో తారీకని తొందరపడ్డాను. పెళ్ళివారి ఉద్యోగం సాకు సగమే. ఆ కాగితంలో పిల్లకు పంతొమ్మిది నిండాయి. మీ సంతకం దానికి అసలు తగలదు. మొదటే చెప్పి ఉంటే మనకు ఈ తగువు లేదు.

మంగళవారం రామభద్రరావుగారు పెళ్ళివారి వైపు కాగితాల కోసం మేరీకి పోతుంటే వరలక్ష్మి ఆయనతో వెళ్ళింది. నన్ను అడగలేదు. తిరిగి వచ్చి కాగితం నా ముందు పెట్టి, "ఈ నలభైమూడులో పుట్టిన వరలక్ష్మి ఎవురు?" అంది. చెప్పాను. అంతా విని, "యాడ పూడ్చారు?" అని అడిగింది. అదీ చెప్పాను. అది ఏడవలేదు. తరవాత, "అట్టయితే నాకు పంతొమ్మిది. నాయన సంతకమూ అక్కర్లేదు, నీ జాబూ అక్కర్లేదు" అని లేచి, తాయారమ్మ దగ్గరికి పోయింది. ఆ రాత్రి అక్కడే ఉంది.

బుధవారం రామభద్రరావుగారు వచ్చాడు. అరుగు మీద కూర్చోలేదు. "అమ్మా, అమ్మాయి యానాంలో మా ఇంట్లోనే పెళ్ళి చేసుకుంటానంటోందండి. ఇక్కడి పీటల మీద కూర్చోనంటోంది. మా ఆడవాళ్ళున్నారు, పిల్లకి భయం లేదండి. ముహూర్తం అదేనండి" అన్నాడు. మమ్మల్ని రమ్మందా అని అడిగాను. ఆయన తన చెప్పుల వైపు చూశాడు. "అమ్మాయి ఆ మాట అనలేదండి" అన్నాడు. వీర్రాజు ఏమన్నాడంటే, సెలవు దొరికితే ఎనిమిదో తారీకు బయలుదేరతాడట.

మాడసామికి వద్దని చెప్పాను. చెరిగిన బియ్యం అన్న ఇంటికి పంపాను. నా కమ్మల సూత్రం తాయారమ్మ చేతికి ఇచ్చాను, తీసుకుంది. మీరు సంతకం పెట్టుకోండి.

వరలక్ష్మి, రామభద్రరావుగారు, తాయారమ్మ నిన్న గురువారం పొద్దున ఆరూ ముప్పావు బస్సుకు మద్రాసు వెళ్ళిపోయారు. అక్కడి నుంచి రైలు.