అరవై ఒక్క మీటర్లు

2024 జూన్ 12, బుధవారం

ఆగయ్య కాక ఆఫీసుకు వచ్చాడు. డెబ్బై ఆరేళ్ళు. ఏదో కాగితం మీద మేనేజర్ సంతకం కావాలట. సార్ ఇంకా రాలేదని నా గదిలో కూర్చోబెట్టి చాయ్ తెప్పించాను.

కాక పనిచేసింది మా గనికి పడమర పక్కనున్న పాత బాయిలో, అంటే పాత బొగ్గు గనిలో. అది మూసేసి ముప్పై ఏళ్ళు దాటింది. అక్కడ దూరాలు కొలిచే గొలుసు, సర్వే చైన్, పట్టేవాడు. ఇప్పుడు దాని నిండా నీళ్ళు. మా గనిలో ఒక గ్యాలరీ, బొగ్గు తవ్వుకుంటూ పోయే సొరంగం, అటువైపే పోతోంది. పాత నీళ్ళకూ మన పనికీ మధ్య అరవై మీటర్ల బొగ్గు గోడ వదిలిపెట్టాలని రూలు. ఎక్కడ ఆగాలో చెప్పాల్సింది నేను. ఈ గని సర్వేయర్‌ని.

కంప్యూటర్‌లో పాత బాయి ప్లాను తెరిచి ఉంది. కాక కళ్ళద్దాలు సర్దుకుని చాలాసేపు చూశాడు. కొలతలు మొదలయ్యే సున్నా ఎక్కడ పెట్టారని అడిగాడు. మనుషులు దిగే షాఫ్టు దగ్గర అన్నాను.

“గాడ కాదు బిడ్డా. మా సర్వే సారు సున్నా రాయి ఫ్యాన్ షాఫ్టు కాడ పాతిచ్చిండు. గుంత తవ్వింది నేనే.”

నవ్వి ఊరుకున్నాను. ముసలాయన కదా, మరిచిపోయి ఉంటాడనుకున్నాను. ఆయన వెళ్ళాక బీరువాలోంచి అసలు ప్లాను తీశాను. బట్ట మీద గీసినది. మనుషులు దిగే షాఫ్టునూ, గాలి ఫ్యాన్ ఉండే షాఫ్టునూ కప్పేస్తూ పెద్ద నూనె మరక. సున్నా గుర్తు ఆ మరకలోనే ఎక్కడో ఉంది.

జూన్ 13, గురువారం

జీపీఎస్ పట్టుకుని ఒక్కడినే పాత బాయికి వెళ్ళాను. సర్కారు తుమ్మ దట్టంగా పెరిగింది. రెండు షాఫ్టుల మీదా సిమెంటు మూత వేశారు. ఫ్యాన్ షాఫ్టు పక్కన కొమ్మలు నరికి, మట్టి తోడి చూశాను. రాయి ఉంది. నడినెత్తిన ఉలితో కొట్టిన ప్లస్ గుర్తు, దాని కింద సున్నా.

అక్కడి నుంచి మనుషులు దిగే షాఫ్టుకు అరవై ఒక్క మీటర్లు. సరిగ్గా పడమరకు.

ప్లాను మీద ప్రతి చోటుకూ మూడు అంకెలు ఉంటాయి. తూర్పుకు ఎంత, ఉత్తరానికి ఎంత, లోతు ఎంత. మూడూ సున్నా నుంచే కొలుస్తాం. సున్నా జరిగితే అన్నీ జరుగుతాయి. అన్నీ కలిసే జరుగుతాయి కనుక చూసేవాడికి ఏదీ తప్పుగా కనబడదు. గ్యాలరీలు వాటి ఆకారంలో అవి ఉంటాయి, మూలలు మూలలతో కలుస్తాయి. మొత్తం పాత బాయి మాత్రం ఉండాల్సిన చోట ఉండదు.

మా ప్లానులో పాత నీళ్ళు గ్యాలరీకి డెబ్బై అయిదు మీటర్ల దూరంలో ఉన్నాయి. నిజంగా ఉన్నది పద్నాలుగు. మేము రోజుకు మూడు మీటర్లు తవ్వుతున్నాం.

లోతు లెక్కలో తప్పు లేదు. అదే భయం. ఆ నీళ్ళు మా గ్యాలరీ కన్నా ముప్పై మీటర్లు ఎత్తులో నిలబడి ఉన్నాయి.

సాయంత్రం 6

ప్లాను కింద మూలన గడి. కంప్యూటర్‌లో ఎక్కించినవారు: ముఖీత్. తేదీ: 2019 మార్చి 8. సరిచూసినవారు: ఖాళీ.

సంతకం నాదే.

జూన్ 14, శుక్రవారం

పొద్దున మేనేజర్ గది దాకా పోయాను. లోపల టార్గెట్ మీటింగు. ఫోన్‌లో పైవాళ్ళు ఉన్నారు. పది నిమిషాలు నిలబడి వెనక్కి వచ్చేశాను. మళ్ళీ పోలేదు.

జుమా నమాజు అయ్యాక, మూడున్నరకు, షిఫ్టు దిగిన కిషన్ గేటు దగ్గర ఆపాడు. ఆ గ్యాలరీ సర్దార్ అతనే. తనతో కలిపి అక్కడి పద్నాలుగు మందికీ మొదటి షిఫ్టులో బాధ్యుడు. ఇద్దరం ఒకే సంవత్సరం డ్యూటీలో చేరాం. పదమూడేళ్ళ స్నేహం. ముందు గోడ చెమట పట్టినట్టు తడిగా ఉందన్నాడు.

“కుళ్ళిన గుడ్ల లెక్క వాసన కొడ్తంది భాయ్. పాత నీళ్ళ వాసన గిట్లనే ఉంటది. నీ ప్లాను ఏమంటంది?”

డెబ్బై రెండు మీటర్లు ఉందని చెప్పాను.

అబద్ధం కాదు. ప్లాను అదే అంటోంది.

“గట్లనా. నువ్వు జెప్పినంక ఇగ ఫికర్ లేదు” అన్నాడు. భుజం తట్టి షిఫ్టు బస్సు ఎక్కాడు.

జూన్ 15, శనివారం

ఉత్తరం రాయడం మొదలుపెట్టి చింపేశాను. రెండుసార్లు.

21న సీనియర్ సర్వేయర్ ఇంటర్వ్యూ. ఇప్పుడు ఈ తప్పు బయటపడితే ఇంటర్వ్యూ కాదు, సస్పెన్షన్. చెట్ల కింద జీపీఎస్ సరిగ్గా చూపించకపోవచ్చు. ఆ రాయి మధ్యలో ఎవరో జరిపి ఉండొచ్చు. సోమవారం బక్రీదు. మంగళవారం కచ్చితమైన కొలతల యంత్రం, టోటల్ స్టేషన్‌తో ఇంకోసారి కొలిచి, గట్టిగా తేల్చుకుని చెబుతాను.

ఇవన్నీ నాకు నేను చెప్పుకుంటున్న మాటలు. ఆ రాయి చూసిన నిమిషంలోనే నాకు తెలుసు.

నిజం లెక్కన ఎనిమిది మీటర్లు.

జూన్ 16, ఆదివారం

గనికి సెలవు. ఎవరూ తవ్వలేదు. మధ్యాహ్నం హాయిగా నిద్రపోయాను. అది రాయడానికే సిగ్గుగా ఉంది.

జూన్ 17, సోమవారం

బక్రీదు. నాకు సెలవు, గనికి లేదు. ఈద్గాలో పక్కవాళ్ళు లేచాక కూడా నేలకు తల ఆన్చి సజ్దాలోనే ఉండిపోయానని తమ్ముడు జునైద్ అన్నాడు.

మూడున్నరకు కిషన్ షిఫ్టు దిగి, స్నానం చేసి, భార్య హర్షిణిని తీసుకుని వచ్చాడు. ఏటా వస్తారు. అమ్మ దగ్గర కూర్చుని రెండుసార్లు బిర్యానీ పెట్టించుకున్నాడు. హర్షిణి, నా భార్య మహెజబీన్ వంటింట్లో ఏదో మాట్లాడుకుని పడీపడీ నవ్వారు. పోతూ పోతూ కిషన్ నన్ను పక్కకు పిలిచి, రేపు ఒకసారి కిందికి వచ్చి గోడ చూడమన్నాడు. “జర మనసుకు నిమ్మళంగుంటది.”

వస్తానన్నాను.

చెప్పలేదు.

జూన్ 18, మంగళవారం

వరుసలో రాయాలి.

ఏడున్నరకు ఆఫీసు. టోటల్ స్టేషన్ తీయలేదు. నేరుగా ఉత్తరం రాశాను. తొమ్మిదిన్నరకు మేనేజర్ వచ్చాడు. ఆయన చదివింది సగమే. గని లోపలికి ఫోన్ తిప్పాడు. ఎత్తింది కిషన్. వెంటనే అందరినీ పైకి తెమ్మన్నాడు మేనేజర్. ఎందుకని కిషన్ అడగలేదు.

పన్నెండు మంది ఎత్తున గ్యాలరీలు కలిసే పై జంక్షన్‌కు వచ్చారు. ముత్యం రాలేదు. అతను చివర డ్రిల్ పట్టుకుని ఉన్నాడు, ఆ మోతలో కేక వినపడి ఉండదు. కిషన్ అతని కోసం వెనక్కి పోయాడు. “మీరు నడువుండ్రి, నేనస్త” అన్నాడట. ఆ పన్నెండు మందిలో ఒకడు, పోశం, చెప్పాడు. పోశమే ఆఖరుగా చూసింది.

పది దాటి అయిదు నిమిషాలకు గోడ పోయింది. ముందు గాలి వచ్చిందట, టోపీలు ఎగిరిపోయేంత గాలి. తర్వాత నీళ్ళు.

పన్నెండు మంది బయటపడ్డారు.

ఇద్దరు లేరు.

జూన్ 20, గురువారం

విచారణ అధికారి అడిగిన మొదటి ప్రశ్న: తప్పు మీకు ఎప్పుడు తెలిసింది?

పద్దెనిమిదో తారీకు పొద్దున అన్నాను. పాత బట్ట ప్లాను చూస్తుంటే అనుమానం వచ్చిందన్నాను. రాసుకున్నారు. సంతకం పెట్టాను.

2019 తప్పు అందరిదీ అన్నారు. సరిచూడాల్సినవాళ్ళు చూడలేదు, మరక పడ్డ ప్లాను ఇచ్చారు, అన్నారు. బయట పోశం నా రెండు చేతులూ పట్టుకున్నాడు. “నువ్వు గా ఉత్తరం రాయకపోతే పద్నాలుగు మందిమి పోతుంటిమి అన్నా.” అతని భార్య కాళ్ళకు మొక్కబోయింది. వద్దని వెనక్కి జరిగితే గోడ తగిలింది.

జూన్ 21, శుక్రవారం

ఇంటర్వ్యూ వాయిదా వేశారు. రద్దు చేయలేదు.

జూన్ 24, సోమవారం

గేటు బయట చాయ్ బండి దగ్గర ఆగయ్య కాక. నాకోసమే వచ్చాడు.

“బుధారం నాడు జెప్పిన గద బిడ్డా.”

సరిచూసుకోవడానికి టైం పట్టింది కాకా అన్నాను. ఎన్ని రోజులు పట్టిందని అడగలేదు. వేళ్ళు మడుచుకుంటూ ఆయనే లెక్కపెట్టాడు. బుధారం, గురువారం, శుక్రారం. మంగళారం దాకా వచ్చి చెయ్యి దించేశాడు. చాయ్ సగంలో పెట్టి వెళ్ళిపోయాడు. ఎవరికీ చెప్పడు. ఆ సంగతి ఆయన ముఖం చూస్తేనే తెలిసింది. నాకు ఊరట కలిగింది. ఆ ఊరట చూసి నా మీద నాకే అసహ్యం వేసింది.

జూన్ 27, గురువారం

పంపులు తొమ్మిది రోజులు నడిచాయి. ఇవాళ ఇద్దరూ దొరికారు.

ప్రమాదం ప్లాను గీయాల్సింది సర్వేయరే. శవాలను కదిలించేలోపు కొలవాలి. మోకాటి లోతు బురదలో టోటల్ స్టేషన్ నిలబెట్టాను. ముత్యం తెగిన గోడకు నలభై మీటర్ల దూరంలో. కిషన్ అతనికి ఆరు మీటర్లు ఇవతల. చెయ్యి ముత్యం వైపే చాచి ఉంది.

కొలిచే చోట యంత్రానికి ఎదురుగా అద్దం పట్టుకునే మనిషి ఏడుస్తున్నాడు. అద్దం ఊగుతోంది. కదలకుండా పట్టుకోమని గట్టిగా అరిచాను. అతను పట్టుకున్నాడు. మూడు అంకెలు వచ్చాయి. రాసుకున్నాను. ఫీల్డ్ బుక్కులో నా దస్తూరి ఎప్పటిలాగే చక్కగా ఉంది.

జూలై 3, బుధవారం

హర్షిణి ఆఫీసుకు వచ్చింది. కిషన్ ఎక్కడ దొరికాడో చూడాలంది. కిందికి పంపరు, పని ఆపేశారు, నీళ్ళు ఇంకా ఊరుతున్నాయి అని చెప్పాను.

“కిందికి వద్దు అన్నా. పైన సూపియ్యి. ఆయన దొరికిన జాగ మీద నేను నిలబడాలె.”

జీపీఎస్ తీసుకున్నాను. గనికి పడమర పక్క పత్తి చేలు. విత్తనం మొలిచి రెండాకులు వేసింది. అంకెలు చూసుకుంటూ నడిచాను, ఆమె నా వెనకే. తూర్పు అంకె కలిసింది. ఉత్తరం అంకె కలిసింది. ఆగాను. మూడో అంకె మాత్రం కలవదు.

“ఇక్కడేనా?”

ఇక్కడే. సూటిగా కిందికి నూటా ఎనభై ఎనిమిది మీటర్లు.

చెప్పులు విడిచి ఆ చోట నిలబడింది. ఏడవలేదు. కాసేపటికి, ఆ రోజు నువ్వు ఉత్తరం రాసినవట అన్నా, ఆయన నిన్ను బాగా నమ్మేటోడు, అంది. శుక్రవారం ఇంటికి వచ్చి, ముఖీత్ భాయిని అడిగిన, డెబ్బై రెండు మీటర్లుందట, అని చెప్పి అన్నం తిన్నాడట. అంతకుముందు రెండు రోజులు సరిగ్గా తినలేదట.

అప్పుడు చెప్పాను. రాయి సంగతి. గురువారం సంగతి. శుక్రవారం గేటు దగ్గర నేను అన్న మాట సంగతి. బక్రీదు సంగతి. ఇంటర్వ్యూ సంగతి కూడా.

ఆమె మొక్కలు తొక్కకుండా చాలులోకి జరిగి కూర్చుంది.

“మీ ఇంట్ల తిన్నం గద అన్నా ఆ దినం.”

అవును.

“ఆయనకు ఎరుకైతే దిగకపోతుండె. ఎవ్వల్నీ దిగనియ్యకపోతుండె.”

అవును.

తిట్టలేదు. కొట్టినా బాగుండేది. ఇంటి దగ్గర దింపుతానంటే వద్దంది. చెప్పులు చేత్తో పట్టుకుని రోడ్డు దాకా నడిచి, ఆటో ఎక్కింది.

జూలై 4, గురువారం

మహెజబీన్‌కు చెప్పాను. అమ్మకు చెప్పాను. అమ్మ చాలాసేపు తస్బీ పూసలు తిప్పి, హర్షిణికి ముందు చెప్పావా, మాకు ముందు చెప్పావా, అని అడిగింది. హర్షిణికి అన్నాను. తల ఊపింది.

మహెజబీన్ మాట్లాడటం లేదు.

జూలై 5, శుక్రవారం, ఉదయం 10.40

విచారణ గది బయట బెంచీ. నా మాట మార్చుకోవాలని కబురు పంపి, ఈ డైరీ వెంట తెచ్చాను. పిలుస్తున్నారు.

సార్, జూన్ 12 నుంచి చదవండి.