దిండులో గురక

చిరంజీవి మేనల్లుడికి అత్తయ్య ఆశీస్సులు.

ఫోన్ చేస్తే నీ కంప్యూటర్ రిపేరు షాపులో జనం ఉన్నారంటావు, అందుకే ఉత్తరం. నువ్విచ్చిన పెన్‌డ్రైవ్ మొండికేసింది. కంప్యూటర్లో పెడితే ఫార్మాట్ చెయ్యమంటోంది. అందులో మీ మామయ్య గురక ఉంది. తను గురకే పెట్టనని ఒట్లు వేస్తాడుగా, సాక్ష్యానికి రికార్డు చేశాను. సైటు పని ముగించుకుని ఆయన వచ్చేలోగా అది బాగవ్వాలి.

ఇట్లు, అత్తయ్య.

తా.క. మూత తీసి రెండు చుక్కలు కుట్టుమిషన్ నూనె వేశాను. అయినా కదల్లేదు.

అత్తయ్యకి నమస్కారాలు.

అమ్మా తల్లీ, నూనె వెయ్యకు! ఫార్మాట్ అంటే ఉన్నదంతా తుడిచెయ్యడం. అది ఎన్నిసార్లు అడిగినా వద్దనే చెప్పు. లోపల గురక అలాగే ఉండుంటుంది, దానికి దారి చూపే పట్టికే చెడిపోయుంటుంది. దెబ్బ తగలకుండా మెత్తగా చుట్టి పంపు.

నీ మేనల్లుడు.

అత్తయ్యకి నమస్కారాలు.

దిండు అందింది. ఎంత ముచ్చటగా కుట్టావో! షాపు కుర్చీలో వేశాను, కూర్చున్నవాళ్ళు లేవడం లేదు. ఇంతకీ పెన్‌డ్రైవ్ ఎప్పుడు పంపుతావు?

నీ మేనల్లుడు.

తా.క. మధ్యలో ఏదో గుచ్చుకుంటోందని పక్కవీధి ప్లంబర్ గొణుగుతున్నాడు. దూది సరిగ్గా ఏకలేదా?

ఒరేయ్ మేనల్లుడా,

ముందు లే! నిలబడి చదువు. నువ్వు కూర్చున్నది మీ మామయ్య గురక మీద. మెత్తగా చుట్టమన్నది నువ్వేగా? దూది మధ్యలో పెట్టి రెట్టింపు కుట్టు వేశాను.

నిజం చెప్పేస్తున్నాను. సాక్ష్యమూ లేదు, పాడూ లేదు. ఆయన వెళ్ళిన దగ్గర్నుంచి ఇల్లంతా నిశ్శబ్దం, నాకు నిద్ర పట్టదు. ఆ రికార్డు పెట్టుకుని పడుకునేదాన్ని. ఇప్పుడు అదీ లేక, మొన్న ఒక చొక్కాకి రెండు చేతులూ ఒకే వైపు కుట్టాను.

నీ అత్తయ్య.

తా.క. నా దూదికి వంక పెట్టిన ఆ ప్లంబర్‌ని ఒకసారి ఇటు పంపించు.

అత్తయ్యకి నమస్కారాలు.

దిండు విప్పి, పెన్‌డ్రైవ్ తీసి, మళ్ళీ కుట్టేశాను. నూనె తుడిచి, ఫైళ్ళన్నీ వేరే చోటికి తోడి, ఆ తర్వాతే ఫార్మాట్ చేశాను. ఇప్పుడు బ్రహ్మాండంగా పనిచేస్తోంది. మామయ్య గురక మొత్తం దొరికింది.

ఇంకో ఫైలు కూడా ఉంది. మొదట్లో మామయ్య గుసగుసగా, "నన్నంటుందిగా, ఇదేంటో వినండి" అన్నాడు. ఆ తర్వాత గంటసేపు నీ గురకే!

ఆ సంగతి చెప్పి ఏడిపిద్దామని ఆయనకి ఫోన్ చేశాను. "అది నాకు పంపించరా. ఇక్కడ ఈ గదిలో నిద్ర పట్టి చావట్లేదు. మీ అత్తయ్యకి మాత్రం చెప్పకు" అన్నాడు.

పంపించాను. నీకూ చెప్పేశాను.

నీ మేనల్లుడు.

తా.క. సరిచూద్దామని రెండు గురకలూ కలిపి పెట్టాను. ప్లంబర్ నీ దిండు మీద తల వాల్చి నిద్రపోయాడు. లేపబుద్ధి కాలేదు.