అమ్మవారికి పెట్టిన చీర

వెరులం, దక్షిణాఫ్రికా, మే 1994, శుక్రవారం

ఎన్నికలు గొడవల్లేకుండా జరిగితే కొండమీది అమ్మవారికి చీర పెడతానని నా భార్య సరోజ మొక్కుకుంది. చీర కొంది కానీ, ఓటు వేసే రోజుదాకా బతకలేదు. చావు జరిగిన ఇంటివాళ్లు ఏడాదిపాటు కొండ ఎక్కకూడదు. అందుకే ఈ ఉదయం నేను కింద కారులోనే కూర్చుని, చీర ఆమె చెల్లెలు రత్నంచేత పంపాను.

దిగివచ్చి నవ్వుతూ చెప్పింది: "ఆదివారం చీరలన్నీ ముత్తయిదువలకి పంచుతారంట బావా. ఎవరి అదృష్టమో!"

"మనది మనకివ్వరా?"

"అమ్మోరికి పెట్టింది వెనక్కడుగుతావా? బుర్రుందా నీకు?"

అప్పటినుంచి కుదురుగా కూర్చోలేకపోతున్నాను. ఆ ఆకుపచ్చ చీరను సరోజ ఒక్కసారి భుజాన వేసుకుని అద్దంలో చూసుకుంది. రేపు బజార్లో అది ఎవరి ఒంటిమీదో కనబడితే...

ఏడాది నిండకపోయినా ఆదివారం కొండ ఎక్కుతాను. ఎవరికిస్తారో చూసి వచ్చేస్తాను. అడగననే అనుకుంటున్నాను.