పదకొండో టేకు

చెన్నై కోడంబాక్కంలో కాపురముంటున్న, కీర్తిశేషులు వెంకట్రామ్ గారి భార్య కన్యక అనే నేను, యాభయ్యో ఏట, వచ్చే వారం గుండె ఆపరేషనుకు వెళ్లబోతూ, నిండు తెలివితో, ఎవరి బలవంతమూ లేకుండా, అమ్మవారిని తలచుకుని రాసిన వీలునామా ఇది. గట్టెక్కించమని మాత్రం ఆమెను అడగలేదు. అడిగే ఓపిక పోయింది. దీన్ని అమలు జరపవలసినవాడు నా తమ్ముడు కోదండరాం.

1. నేనుంటున్న ఇల్లు సామానుతో సహా నా కొడుకు రాజీవ్‌కు చెందాలి. ఈ హక్కు నాలుగో షరతుకు లోబడి ఉంటుంది.

2. కోదండరాం భార్య గోవిందమ్మకు నా ఎర్ర కంచిపట్టు చీర. నా కూతురు అక్షయ పంతొమ్మిదో ఏట డెంగీ జ్వరంతో పోయింది. ఏడాది తిరగ్గానే రాజీవ్ ఆ దుఃఖాన్ని ఆరు నిమిషాల షార్ట్ ఫిల్ముగా తీశాడు. అందులో ఉన్నది నేనొక్కదాన్నే. మైలాపూరులో అది చూసి బయటికి రాగానే గోవిందమ్మ నలుగురి ముందూ, "భలే యాక్ట్ చేసినావు వదినా!" అన్నది. ఆ మాట ఇంకా గుచ్చుకుంటూనే ఉంది. చీర మాత్రం ఆమెకే.

3. అక్షయ పేరు చెక్కిన స్టీలు గ్లాసు ఆమె స్నేహితురాలు షీబాకు. ఏటా అక్షయ పుట్టినరోజుకు వచ్చి, ఏమీ అడగకుండా నా పక్కన కూర్చుని పోతుంది. దాచిపెట్టవద్దమ్మా, రోజూ అందులో తాగు.

4. రాజీవ్, ఇది నీకు. నీ సినిమాలో మాట లేదు, పాట లేదు. ఒక తల్లి రెండు గ్లాసుల్లో కాఫీ పోసి, ఒకదాన్ని మళ్లీ గిన్నెలో పోసేస్తుంది. అంతే. అది నువ్వు రాసింది కాదు. నువ్వు కెమెరా సరిచూసుకుంటుంటే, అక్షయ లేదన్న సంగతి మరిచి ఆమెకూ పోశాను. ఆ క్షణం నా బిడ్డ పక్క గదిలో తల దువ్వుకుంటోంది. నువ్వేమో, "ఫోకస్ పోయింది మా, అట్నే ఇంకోసారి చెయ్యి" అన్నావు. పదకొండుసార్లు చేశాను. పదకొండోదానికి బహుమతి వచ్చింది.

అంతకుముందు వారానికోసారైనా అట్లా మరిచేదాన్ని. ఆ రోజు తరువాత ఒక్కసారి కూడా మరవలేదు. అక్షయ పోయాక నాకు మిగిలిందల్లా ఆ మరపే, అదీ పోయింది.

నిన్ను తప్పుపట్టను. చెల్లెలి కోసం ఏడవడం నీకు అట్లాగే వచ్చు. కానీ మొన్న నా మందుల డబ్బా మీద ఎండ పడుతుంటే నువ్వు చూసిన చూపు నేను గమనించాను. నేను తిరిగి రాకపోతే, ఏడాదిపాటు ఈ ఇంట్లో కెమెరా పెట్టకూడదు. ఇదే షరతు. ఆ ఏడాదిలో ఎప్పుడో బయటినుంచి వస్తూ, పొరపాటున "అమా" అని పిలుస్తావు. పిలిస్తే పిలిచావు. రెండోసారి పిలవవద్దు.

చెన్నై, 12 ఫిబ్రవరి 2025

(సంతకం) వి. కన్యక

సాక్షులు:
సెంథిల్, కింది ఇంటివారు
సునయన, ఎదురింటి టీచరు